నకలు ప్రతిలో రాలిపోయే పేర్లు

సినిమా పైరసీ గురించి మన దగ్గర జరిగే చర్చలో ఎప్పుడూ రెండు పాత్రలే ఉంటాయి. ఒకరు కోట్లు పెట్టి నష్టపోయానని వాపోయే నిర్మాత. రెండోవారు టికెట్టు ధర భరించలేక దొంగ ప్రతి చూశానని చెప్పే ప్రేక్షకుడు. 2025 నవంబరులో 'ఐబొమ్మ' వెబ్‌సైటు నడిపాడన్న ఆరోపణ మీద హైదరాబాద్ పోలీసులు ఒక వ్యక్తిని అరెస్టు చేసినప్పుడు కూడా ఇదే జరిగింది. పరిశ్రమ పెద్దలు పోలీసులకు కృతజ్ఞతలు చెప్పారు. సామాజిక మాధ్యమాల్లో చాలామంది అతణ్ణి పేదల పక్షాన నిలబడ్డ రాబిన్‌హుడ్‌ను చేశారు. ఈ ఇద్దరు మగవాళ్ల తగాదాలో స్త్రీలు ఎక్కడున్నారు అని అడిగినవాళ్లు తక్కువ. సినిమా తీసే చోట స్త్రీలున్నారు. చూసే చోటా ఉన్నారు. కథ రాసిన చోటా ఉన్నారు. దొంగ ప్రతి తయారైనప్పుడు అందులోంచి ముందుగా రాలిపోయేది ఎవరు అన్న ప్రశ్నతో చరిత్రను ఒకసారి తిరగేస్తే, చట్టబద్ధంగా సినిమా చూడడమన్న చిన్న నిర్ణయానికి వేరే అర్థం కనిపిస్తుంది. నిర్మాతల సంఘం ప్రకటనల్లో ఆ అర్థం దొరకదు.

సినిమా పుట్టిన కొద్ది ఏళ్లకే దాని నకలూ పుట్టింది. 1902లో ఫ్రాన్సులో జార్జ్ మెలియెస్ 'చంద్రలోక యాత్ర' తీశాడు. ఆ సినిమాకు అమెరికాలో విపరీతమైన ఆదరణ వచ్చింది కానీ, అక్కడ ఆడిన ప్రతుల్లో చాలా భాగం ఎడిసన్, ల్యూబిన్ వంటి వారి సంస్థలు అనుమతి లేకుండా తీసుకున్న నకళ్లే. ఆ బాధ పడలేక మెలియెస్ 1903లో తన అన్న గాస్తోఁను న్యూయార్కు పంపి అక్కడొక శాఖ తెరిపించాడు. సెట్టు మీదే తన సంస్థ నక్షత్రం గుర్తు కనబడేలా పెట్టుకోవడం కూడా అతని అలవాటు. పైరసీ చరిత్ర రాసే ప్రతివాళ్లూ ఇంతవరకు చెబుతారు. తన సొమ్ము దక్కని మేధావిగా మెలియెస్, చివరి రోజుల్లో మోఁపర్నాస్ రైల్వేస్టేషన్లో బొమ్మల దుకాణం నడుపుకున్న మెలియెస్ మనకు గుర్తుంటాడు.

అదే సినిమాలకు రంగులద్దిన ఎలిజబెత్ త్యుయిలియే ఎందరికి గుర్తుంది? పారిస్‌లో ఆమె నడిపిన కార్ఖానాలో దాదాపు రెండు వందల మంది స్త్రీలు పనిచేసేవారు. వేలిగోరంత బొమ్మ మీద సన్నని కుంచెతో, ఒక్కొక్కరు ఒక్కో రంగు చొప్పున, వేల బొమ్మలకు రంగులు వేసేవారు. ఏ దృశ్యానికి ఏ రంగు అన్నది నిర్ణయించే పని ఆ కార్ఖానా యజమానురాలిది. తెర మీద ఆమె పేరు లేదు. ఆమె దగ్గర పనిచేసిన అమ్మాయిల పేర్లు చరిత్రలోనే లేవు. నలుపు తెలుపుల ఫిల్ము మీదకు ఎక్కించిన నకలులో ఈ చేతి రంగు రాదు. అంటే అమెరికాలో నకలు తీసినవాడు మెలియెస్ నుంచి దోచుకున్నది డబ్బు అయితే, ఈ స్త్రీల పని మాత్రం ఆ నకలులో ఉనికినే కోల్పోతుంది. 1993లో బార్సిలోనాలో 'చంద్రలోక యాత్ర' రంగుల ప్రతి ఒకటి బయటపడి, ఏళ్ల తరబడి బాగుచేశాక 2011లో కాన్ ఉత్సవంలో ప్రదర్శించే వరకు ఆ సినిమాకు రంగులుండేవన్న సంగతే చాలామందికి తెలియదు. నకలు కథను మోసుకుపోతుంది, పనితనాన్ని వదిలేస్తుంది. ఆ వదిలేసిన దాంట్లో స్త్రీల వాటా ఎప్పుడూ ఎక్కువే.

అలాగని ఈ చెరిపివేత పైరసీతోనే మొదలైందనుకోవడం పొరపాటు. పరిశ్రమ తనంత తానే, చట్టం సాక్షిగా, ఈ పని చేసింది. 1949లో 'మహల్' సినిమా పాట గ్రామఫోను రికార్డు వచ్చినప్పుడు దాని మీద పాడినామె పేరు లేదు. సినిమాలోని పాత్ర పేరు 'కామిని' అని అచ్చువేశారు. ఆ గొంతు ఎవరిదని శ్రోతలు రేడియోకు ఉత్తరాలు రాస్తే తప్ప లతా మంగేష్కర్ పేరు బయటికి రాలేదు. తర్వాత పదేళ్లకు, 1960ల మొదట్లో, పాట అమ్ముడైనంత కాలం పాడినవాళ్లకు కూడా రాయల్టీ రావాలని ఆమె పట్టుబట్టింది. పాడినందుకు డబ్బు తీసుకున్నాక మళ్లీ అడగడమేమిటని మహమ్మద్ రఫీ అన్నారు. ఇద్దరూ కొన్నేళ్లపాటు కలిసి పాడలేదు. ఈ ఉదంతాన్ని సినిమా పత్రికలు ఇద్దరు గాయకుల అలకగానే రాసుకుంటూ వచ్చాయి. ఒక స్త్రీ తన శ్రమకు యాజమాన్యం అడిగిన సందర్భంగా దాన్ని చదివినవారు తక్కువ. అడిగిన మగవాడు హక్కుల కోసం పోరాడినవాడవుతాడు. అడిగిన ఆడది అత్యాశపరురాలవుతుంది. మన సాహిత్యలోకంలో పారితోషికం అడిగిన రచయిత్రులకు ఇది కొత్త సంగతి కాదు.

చట్టం ఎవరి పక్షాన ఉందో కూడా చూడాలి. 1957 కాపీరైటు చట్టం కింద సినిమా నిర్మాతదే. పాట రాసినవారు, స్వరపరిచినవారు తమ హక్కు కోసం వేసిన దావాలో 1977లో సుప్రీంకోర్టు, వేరే ఒప్పందం లేకపోతే ఆ హక్కు కూడా నిర్మాతకే చెందుతుందని తీర్పు చెప్పింది. ఆ తీర్పుకు జస్టిస్ కృష్ణయ్యర్ విడిగా ఒక వ్యాఖ్య జోడించారు. పాడే మనిషికి తన పాట మీద హక్కే లేకపోవడం ఏమి న్యాయమని ఆయన బాధపడ్డారు. 1994లో ప్రదర్శకుల హక్కులంటూ చట్టంలోకి వచ్చాయి గానీ, సినిమాకు ఒప్పుకున్న మరుక్షణం అవి వదులుకున్నట్లే లెక్క. 2012 సవరణ వచ్చాకే పాట రాసినవారికి, స్వరపరిచినవారికి, సినిమా హాల్లో ప్రదర్శన మినహా మిగతా వాడకాల మీద రాయల్టీలో సమాన వాటా దక్కింది. ఆ హక్కును రాసిచ్చినా చెల్లదని కూడా చట్టం చెప్పింది. గాయకులకూ తమ ప్రదర్శన వాణిజ్యంగా వాడుకున్నప్పుడు వాటా అడిగే వీలు కలిగింది. లత అడిగిన మాట చట్టంలో అక్షరమయ్యేసరికి యాభై ఏళ్లు పట్టింది.

ఇక్కడ ఒక కీలకమైన మెలిక ఉంది. ఈ కొత్త హక్కులో పాట రాసినవారికి, స్వరపరిచినవారికి వచ్చేది సినిమా హాలు బయట జరిగే వాడకం మీద. అంటే టీవీ, రేడియో, ఇప్పుడు ఇంటర్నెట్టు. హాలు టికెట్టు మీద వారికి వాటా లేదు. లెక్కకు వచ్చే చోట చూస్తేనే, వింటేనే ఆ వాటాకు ఆధారం దొరుకుతుంది. దొంగ వెబ్‌సైటులో లక్షమంది చూసినా ఆ లక్ష ఏ ఖాతాలోనూ పడదు. యాభై ఏళ్ల పోరాటంతో వచ్చిన హక్కు, ఆచరణలోకి వచ్చే చోటే మనం పక్కదారి పట్టి దాన్ని ఖాళీ చేస్తున్నాం. ఈ హక్కు కాగితం మీద ఉన్నంతగా చేతికి అందడం లేదన్నదీ నిజమే. అయితే లెక్కే లేని చోట వాటా అడగడం అసలే కుదరదు.

మరి ప్రేక్షకురాలి సంగతి? పైరసీని ఖండించే ముందు ఆమె చరిత్రను న్యాయంగా చెప్పుకోవాలి. మన ఊళ్లలో సినిమా హాలు ఆడవాళ్లకు ఎప్పుడూ పూర్తిగా తెరిచిన చోటు కాదు. ఆడవాళ్ల కౌంటరు వేరు, వాళ్లు కూర్చునే భాగం వేరు, వెళ్లడానికి తోడు కావాలి, మొదటి ఆటకో మ్యాట్నీకో తప్ప రెండో ఆటకు వెళితే మాట పడాలి. 1982లో రంగుల టీవీ, దాని వెనకే వీసీఆర్ వచ్చాక ఈ పరిస్థితి కొంత మారింది. వీధిలో ఒకరింట్లో వీడియో అద్దెకు తెచ్చి రాత్రంతా మూడు నాలుగు సినిమాలు వేస్తే, పిల్లల్ని పక్కన పడుకోబెట్టుకుని చాపల మీద కూర్చుని చూసిన స్త్రీల తరం ఒకటుంది. ఆ క్యాసెట్లలో ఎన్ని అసలువి, ఎన్ని నకళ్లు అన్న విచారణ వాళ్లెవరూ చేయలేదు. చేయగల స్థితిలోనూ లేరు. గడప దాటకుండా వినోదం దొరికిన తొలి అవకాశం అది. సరిగ్గా ఆ కాలంలోనే, 1984లో, వీడియో పైరసీని దృష్టిలో పెట్టుకుని కాపీరైటు చట్టాన్ని సవరించారు. కనీసం ఆరు నెలల జైలు, యాభై వేల రూపాయల జరిమానా పెట్టారు. క్యాసెట్టు మీద హక్కుదారు పేరు, చిరునామా ఉండి తీరాలన్నారు. స్త్రీలకు హాలు ఎందుకు అందుబాటులో లేదన్న ప్రశ్న మాత్రం ఏ సవరణలోనూ లేదు.

కాబట్టి 1985లో చాప మీద కూర్చుని వీడియో చూసిన అమ్మనో, అత్తనో నేరస్తురాలిని చేసే చర్చతో నాకు పేచీ ఉంది. ఆనాడు వారికి చట్టబద్ధమైన దారి అనేదే దాదాపు లేదు. కానీ ఆ వాదనను ఇవాళ్టికి యథాతథంగా తెచ్చి అతికించడం కుదరదు. మన దేశంలో 2016లో నెట్‌ఫ్లిక్స్, అమెజాన్ ప్రైమ్ వీడియో వచ్చాయి. 2020లో తెలుగు కోసమే 'ఆహా' వచ్చింది. 2024 నవంబరులో ప్రసారభారతి 'వేవ్స్' మొదలుపెట్టింది. పాత తెలుగు సినిమాలు ఎన్నింటినో హక్కుదారులే యూట్యూబులో ప్రకటనలతో ఉచితంగా పెట్టారు. డబ్బు లేకపోవడం, దారి లేకపోవడం రెండూ ఒకటి కావు. డబ్బు లేని చోట కూడా ఇవాళ కొన్ని దారులున్నాయి.

ఇంకో తేడా కూడా ఉంది. అద్దె వీడియో దుకాణం వాడు మన వీధివాడు. ఇవాళ్టి దొంగ వెబ్‌సైటు ఎవరిదో మనకు తెలియదు. అది సినిమాను ఎర వేసి మనల్నే సరుకు చేస్తుంది. 2025 కేసులో పైరసీ సైటు ద్వారా బెట్టింగ్ యాప్‌ల ప్రచారం జరిగిందని, వాడినవారి వివరాలు పోగయ్యాయని పోలీసులు ప్రకటించారు. బెట్టింగులో పోయిన డబ్బు ఏ ఇంట్లో ఎవరి మెడలోంచి, ఎవరి పోపుల డబ్బాలోంచి పోతుందో మనకు చెప్పనక్కర్లేదు. ఉచితమనుకున్న సినిమా ఖరీదును ఇంట్లో మరొకరు చెల్లిస్తున్నారు.

తీసేవాళ్ల వైపు చూద్దాం. 'అత్తారింటికి దారేది' సినిమాలో దాదాపు గంటన్నర భాగం 2013 సెప్టెంబరులో విడుదలకు ముందే బయటికి పొక్కింది. విడుదల తేదీని ముందుకు జరిపారు. సినిమా ఘనవిజయం సాధించింది. పెద్ద హీరో సినిమా అంత దెబ్బ తట్టుకుని నిలబడగలదు. ఆ ఉదాహరణ చూపించే, పైరసీ వల్ల పోయేదేమీ లేదని వాదించేవారున్నారు. వాళ్లు చూడవలసింది చిన్న సినిమాల వైపు. 2018లో వచ్చిన 'కేరాఫ్ కంచరపాలెం' సినిమాకు నిర్మాత ప్రవీణ పరుచూరి. అమెరికాలో గుండె వైద్యురాలిగా పనిచేసే ఒక స్త్రీ, తారలెవరూ లేకుండా, ఆ ఊరి మనుషులనే నటులుగా పెట్టి తీసిన సినిమా వెనక నిలబడింది. 2021లో మలయాళంలో 'ది గ్రేట్ ఇండియన్ కిచెన్' తయారైనప్పుడు పెద్ద వేదికలు దాన్ని తీసుకోలేదు. గిన్నెలు కడగడం, కూరలు తరగడం, కాలువ మురుగు ఎత్తడం సినిమా ఏమిటనుకున్నారో ఏమో! చివరికి 'నీస్ట్రీమ్' అనే చిన్న వేదిక దాన్ని జనవరిలో విడుదల చేసింది. చూసినవాళ్లు చెప్పుకోగా చెప్పుకోగా అది దేశమంతా చర్చ అయింది. కొన్ని నెలల్లో అమెజాన్ ప్రైమ్ కూడా తీసుకుంది. మొదట వద్దన్న దారులు తెరుచుకోవడం వెనక, ఆ చిన్న వేదికకు డబ్బు కట్టి చూసినవాళ్లు కూడా ఉన్నారు. దొంగ ప్రతిలో చూసి కన్నీళ్లు పెట్టుకున్నవారి కన్నీళ్లు ఏ నివేదికలోకీ ఎక్కవు. తర్వాతి సినిమాకు డబ్బు పెట్టేవాడు చూసేది ఎందరు చూశారన్న అంకెనే.

అసలు ఇంత నీతిని ఈ పరిశ్రమకు మనం బాకీ ఉన్నామా అన్నది స్త్రీవాదులు తప్పక వేయవలసిన ప్రశ్న. మలయాళ పరిశ్రమలో స్త్రీల స్థితిగతుల మీద 2017లో వేసిన జస్టిస్ హేమ కమిటీ 2019 చివర్లో నివేదిక ఇస్తే, అది 2024 ఆగస్టు దాకా వెలుగు చూడలేదు. లైంగిక వేధింపులతో పాటు, షూటింగు చోట మరుగుదొడ్డి, బట్టలు మార్చుకునే చోటు కూడా ఉండవన్న సంగతి అందులో ఉంది. సినిమాల్లో స్త్రీలు జుట్టు దువ్వాలే తప్ప మేకప్ వేయకూడదన్న సంఘాల కట్టడిని చారు ఖురానా కేసులో సుప్రీంకోర్టు 2014 నవంబరులో కొట్టివేసేదాకా అది దశాబ్దాలపాటు సాగింది. యద్దనపూడి సులోచనారాణి 'మీనా' నవలను 1973లో విజయనిర్మల అదే పేరుతో సినిమాగా తీసింది. రచయిత్రి ఒక స్త్రీ, దర్శకురాలు మరో స్త్రీ. 2016లో 'అ ఆ' విడుదలైనప్పుడు ఆ నవలతో పోలికల గురించి, టైటిల్స్‌లో రచయిత్రి పేరు గురించి బహిరంగంగా చర్చ జరగవలసి వచ్చింది. నకలు తీయడమంటే చీకటి హాల్లో కెమెరా పట్టుకోవడమేనా అని అడిగే హక్కు మనకుంది.

అడుగుదాం. కానీ ఆ కోపాన్ని పైరసీగా మార్చుకుంటే దెబ్బ ఎవరికి తగులుతుంది? 2025 ఆగస్టులో తెలుగు సినిమా కార్మికులు ముప్పై శాతం వేతనం పెంచమని సమ్మె చేశారు. సినిమా నష్టపోయిందన్న మాట హీరో పారితోషికం దగ్గరకు వెళ్లేలోపు రోజుకూలీ దగ్గర ఆగుతుంది. జూనియర్ ఆర్టిస్టుల దగ్గర, డబ్బింగు చెప్పే అమ్మాయి దగ్గర, కాస్ట్యూమ్స్ కుట్టే చేతుల దగ్గర ఆగుతుంది. బలవంతుడి మీద కోపం బలహీనుల మీద తీరడం మన ఇళ్లలో చూస్తున్నదే. 2023లో సినిమాటోగ్రాఫ్ చట్టాన్ని సవరించి, అనుమతి లేకుండా సినిమాను రికార్డు చేసినవారికి మూడేళ్ల దాకా జైలు, నిర్మాణ వ్యయంలో ఐదు శాతం దాకా జరిమానా పెట్టారు. ఆ చట్టం కాపాడేది నిర్మాత పెట్టుబడిని. కార్మికురాలి కూలీని కాపాడాలంటే వేరే పోరాటం కావాలి. చట్టబద్ధంగా చూడడం ఆ పోరాటానికి ప్రత్యామ్నాయం కాదు. డబ్బు కట్టిన ప్రేక్షకురాలిగా లెక్క అడిగే హోదా మాత్రం దానివల్ల వస్తుంది.

పరిశోధకురాలిగా నాకు మరో కారణం ఉంది. నవలా రచయిత్రులకు, తెలుగు సినిమాకు ఉన్న సంబంధం మీద పనిచేసిన రోజుల్లో నాకు కథ ఎంత ముఖ్యమో టైటిల్స్ అంత ముఖ్యం. కథ ఎవరిది, మాటలు ఎవరివి, పాడింది ఎవరు, కూర్పులో సహాయం ఎవరు అన్నది తెలిసేది అక్కడే. ఎవరెవరో ఇంటర్నెట్టులో పెట్టిన ప్రతుల్లో మొదటి రెండు మూడు నిమిషాలు కోసేసి, ఆ చోట ఏదో జూదం ప్రకటన అతికించి ఉండేవి. కోసినవాడికి అది పనికిరాని భాగం. స్త్రీల శ్రమ చరిత్రకు అదే శాసనం. చారు ఖురానా తీర్పు తర్వాత మేకప్ శాఖలో స్త్రీల పేర్లు ఎప్పుడు, ఎలా పెరిగాయో రేపెవరైనా చూడాలంటే ఆధారం ఆ చివరి పేర్ల జాబితానే.

చట్టబద్ధమైన వేదికలు ఈ విషయంలో పవిత్రమైనవేమీ కాదు. సినిమా ముగిసీ ముగియకముందే పేర్లను మూలకు నెట్టి తర్వాతి సినిమా చూడమంటాయి. ఒప్పందం తీరగానే సినిమాను మాయం చేస్తాయి. చందా ఉన్న ఇంట్లో కూడా ఫోను, పాస్‌వర్డు, ఏం చూడాలన్న నిర్ణయం మగవాళ్ల చేతిలోనే ఉండడం మనకు తెలుసు. పైగా చందా కట్టడం భద్రపరచడం కాదు. భారతదేశంలో తొలి దర్శకురాలు ఫాత్మా బేగం 1926లో తీసిన 'బుల్‌బులే పరిస్తాన్' ప్రతి ఇవాళ ఎక్కడా దొరకదు. 1921 నాటి 'భీష్మ ప్రతిజ్ఞ'తో మొదలైన మన మూకీల కాలం కూడా దాదాపు అలాగే అంతరించింది. 1953లో 'చండీరాణి'ని మూడు భాషల్లో తీసిన భానుమతి, 1968లో 'చిన్నారి పాపలు' తీసిన సావిత్రి వంటి దర్శకురాళ్ల సినిమాలు శుభ్రమైన ప్రతుల్లో, పూర్తి టైటిల్స్‌తో, అందరికీ అందేలా ఉండాలని అడగవలసింది హక్కుదారులను, ప్రభుత్వ భాండాగారాలను. ఆ డిమాండు చేయకుండా పైరసీని తిట్టడం సగం నిజాయితీ.

అందుకే నా వాదన పరిశ్రమ వాదన కాదు. దొంగతనం పాపం అన్న నీతివాక్యమూ కాదు. మన రచయిత్రులు ఏళ్ల తరబడి చెబుతూ వచ్చిన మాటే సినిమాకూ వర్తింపజేస్తున్నాను. ఇంటి పనికి విలువ కట్టమన్నాం. రాసినదానికి పేరు, పారితోషికం ఇవ్వమన్నాం. మన పుస్తకాన్ని ఎవరో అనుమతి లేకుండా స్కాను చేసి పంచిపెడితే బాధపడ్డాం. కనబడని శ్రమను కనబడేలా చేయడమే స్త్రీవాద చరిత్ర రచన చేసిన పెద్ద పని. నెలకో సినిమా చూసినా సరే, దాని అసలు ప్రతిని, చివరి పేరు దాకా చూడడం ఆ పనిలో ఒక చిన్న భాగం. స్నేహితురాళ్లు నలుగురు కలిసి ఒక గదిలో ఒకరి చందా మీద చూడవచ్చు. కాలేజీ లైబ్రరీ చేత సినిమాలు కొనిపించవచ్చు. ఉచితంగా, హక్కుదారులే పెట్టినవి వెతుక్కోవచ్చు. ఎక్కడా దొరకని సినిమా గురించి హక్కుదారుకు ఉత్తరం రాయవచ్చు. 'మహల్' పాట పాడినామె పేరు బయటపడింది కూడా ఎవరో ముక్కూమొహం తెలియని శ్రోతలు కూర్చుని రాసిన ఉత్తరాల వల్లే కదా.